సత్తువ తూము

అనగనగా ఒక రాజ్యం. ఎన్నాళ్ల కిందట అని మాత్రం అడగకండి పిల్లలూ, అంత దూరం వెనక్కి నడిచే ఓపిక నాకు లేదు. పేరు మాత్రం గుర్తుంది. కంచుగిరి.

రాజధానిని ఆనుకుని ఒక నల్లరాతి కొండ ఉండేది. దాని నెత్తిన ఒక గుహ, ఆ గుహలో కంచుతో పోతపోసిన ఒక చక్రం. ఎడ్లబండి చక్రమంత ఉండేది. అందులో సగమే మనకు కనిపించేది. మిగతా సగం రాతిలోకి దిగిపోయి అవతల తేలేది. అవతల అంటే కొండకు అవతల కాదు, లోకానికి అవతల.

చెరువుకు తూము ఉంటుంది కదా. తీస్తే నీళ్లు పొలానికి పారతాయి, మూస్తే ఆగుతాయి. ఈ చక్రం కూడా అలాంటి తూమే. కాకపోతే ఇందులో పారేది నీరు కాదు, సత్తువ. చక్రాన్ని కుడికి తిప్పితే అవతలి లోకపు సత్తువ మన వైపు పారేది. ఎడమకు తిప్పితే మన సత్తువ వాళ్ల వైపు పారేది. దాన్ని ఎవరు చేశారో, ఏం తోచక చేశారో ఎవరికీ తెలియదు. అందరూ సత్తువ తూము అనేవాళ్లు.

సత్తువ వచ్చే రోజుల్లో గుహలోంచి గోరువెచ్చని గాలి వీచేది. అది కొండ దిగి, కింద పారే పాలవాగు నీళ్లలో కలిసేది. ఆ నీళ్లు తాగినవాళ్లకు అలుపన్నది తెలిసేది కాదు. ఎడ్లు నురగలు కక్కకుండా పొలమంతా దున్నేవి. ముసలివాళ్లు కర్రలు మూల పడేసి వీధులన్నీ చుట్టి వచ్చేవాళ్లు. వాటిని వచ్చే రోజులు అనేవాళ్లు.

తరువాత పోయే రోజులు. అప్పుడు ఒంట్లోంచి ఎవరో దారం లాగుతున్నట్టు ఉండేది. జనం కాస్త అంబలి కాచుకుని తాగి అరుగుల మీద చేరగిలబడేవాళ్లు. ఆ రోజుల్లో పెళ్లిళ్లు పెట్టుకునేవాళ్లు కాదు. ఎవరూ ఎవరికీ పని చెప్పేవాళ్లు కాదు. పోట్లాటలు కూడా వాయిదా వేసుకునేవాళ్లు. వచ్చే రోజులు రానీ, నీ సంగతి తేలుస్తానని కూర్చున్న చోటనే బెదిరించుకునేవాళ్లు. తీరా ఆ రోజులు వచ్చేసరికి సగం మందికి కోపం ఎందుకు వచ్చిందో గుర్తుండేది కాదు. హాయిగా బతికారని నాకు అనిపిస్తుంది.

ఆ చక్రానికి కావలి గంగసాని. అరవై దాటిన మనిషి. అంతకు ముందు ఆమె తల్లి కాచేది. గంగసాని చేతికి చక్రం వచ్చి నలభై ఏళ్లయింది.

కావలికి ఒక కట్టుబాటు ఉంది. కావలి మనిషి పాలవాగు నీళ్లు ముట్టకూడదు. కొండకు వెనక వైపు ఒక ఉప్పునీటి బావి ఉంది. ఆ నీళ్లే తాగాలి. ఆ నీళ్లే కడవకెత్తుకుని తొంభై మెట్లు ఎక్కి, వేడెక్కిన చక్రం మీద పోయాలి. వచ్చే రోజుల్లో మొదటి రోజు ఒక కడవ. రెండో రోజు రెండు. మూడో రోజు మూడు. అలా రోజుకో కడవ పెరుగుతుంది. ఏ రోజైతే ఆఖరి మెట్టు మీద మోకాళ్లు వణికి, ఇంక ఒక్క కడవ కూడా మోయలేనని ఒళ్లు చెబుతుందో, ఆ రోజు చక్రం మీద చెయ్యి వెయ్యాలి. ఎండాకాలంలో ఎనిమిది రోజులకే ఆ గతి పట్టేది. చలికాలంలో పన్నెండు రోజులదాకా లాక్కొచ్చేది.

ఇదంతా ఎందుకని, చక్రం చేతికి వచ్చే ముందు రోజు గంగసాని తల్లిని అడిగింది.

"అక్కడివాళ్లు ఎంత అలిసిపోయారో ఇక్కణ్ణుంచి మనకు కనిపించదు తల్లీ" అంది తల్లి. "తెలియాలంటే ఇక్కడ ఒకరు అలిసిపోవాలి. రేపటి నుంచి ఆ ఒకరివి నువ్వే."

ఇంకో మాట కూడా చెప్పింది. ఆ చక్రం ఒక్కరి చేతికి తిరగదు. అవతల కూడా ఒక కావలి ఉంటారు. రెండు వైపుల నుంచి రెండు చేతులు తొయ్యాలి, అదీ సమానంగా. ఒక చెయ్యి ఎక్కువ తోస్తే చక్రం బిగుసుకుపోతుంది. ఇటు మనిషి అటు మనిషంత డస్సిపోయాకే చెయ్యి వెయ్యాలన్నది అందుకే. సత్తువ అటు పారే రోజుల్లో అక్కడి కావలి తన మెట్లేవో తాను ఎక్కి, వేళ అయినప్పుడు చక్రాన్ని కదిలించేవాళ్లు. గంగసాని వెళ్లి తన చెయ్యి కలిపేది.

అవతలి కావలి ఆడో మగో ఆమెకు తెలియదు. పేరు తెలియదు. ఆ మనిషికి మన లాంటి ముఖం ఉంటుందో ఉండదో తెలియదు. చెయ్యి మాత్రం తెలుసు. కంచులోంచి ఆ చేతి బరువు ఆమె అరచేతికి తగిలేది. తొందరలేని చెయ్యి, కాస్త ఒక పక్కకు ఒరిగే చెయ్యి. గంగసాని భర్త పోయిన ఏడాది, కర్మలు ముగించుకుని ఆమె చక్రం దగ్గరకు వెళ్లినప్పుడు, ఆ చెయ్యి పని అయిపోయాక కూడా చాలాసేపు అక్కడే ఉండిపోయింది. ఎలా తెలిసిందో మరి. ఇరుగుపొరుగు వచ్చి ఏవేవో చెప్పారు గానీ, ఆమెకు ఊరట కలిగింది అక్కడే.

ఇలా రోజులు జరుగుతుండగా జయకీర్తి అనే యువకుడు కంచుగిరికి రాజయ్యాడు. చెడ్డవాడు కాదు. పట్టుదల మనిషి, కాస్త పరువు పిచ్చి.

ఆయన పట్టాభిషేకం చూసి వెళ్దామని పొరుగు దేశపు రాయబారి వచ్చాడు. ఆలస్యంగా వచ్చాడు. వచ్చేసరికి పోయే రోజులు మొదలైపోయాయి. సభలో మంత్రి బుద్ధిసాగరుడు గురక పెడుతున్నాడు. వింజామర వీచేవాడు వింజామరనే పట్టుకుని కునుకుతున్నాడు. స్తోత్రం చదవాల్సిన పండితుడు మొదటి పాదం చదివి, మిగతాది మీరే ఊహించుకోండని కూలబడ్డాడు. రాయబారి నవ్వు ఆపుకోలేకపోయాడు. జయకీర్తికి తల కొట్టేసినంత పనయింది. ఇంకెప్పుడూ తన సభ ఎవరి ముందూ ఆవలించకూడదని ఆ క్షణమే పంతం పట్టాడు.

మళ్లీ వచ్చే రోజులు వచ్చి, అవి ముగియబోతుండగా రాజు కొండెక్కి వెళ్లి గంగసానిని ఒక కోరిక కోరాడు. రాయబారి మళ్లీ వస్తున్నాడట. ఒక్క రోజు, ఒకే ఒక్క రోజు చక్రం తిప్పడం ఆపమన్నాడు. ఆ పొద్దుటే గంగసాని మోకాళ్లు చెప్పాల్సింది చెప్పేశాయి. అయినా కుర్రవాడు తన ముందు చేతులు కట్టుకుని నిలబడ్డాడు, పోనీలే ఒక్క రోజే కదా అనుకుంది. ఒప్పుకుంది. ఆ మర్నాడు చక్రం మీద చెయ్యి వేస్తే, అవతలి చెయ్యి రావడానికి ఎప్పుడూ లేనంత సేపు పట్టింది. ఆమెకు తప్పు చేసినట్టు అనిపించింది.

రెండోసారి రాజు రాలేదు, కబురు పంపాడు. ఏడంతస్తుల మేడ కడుతున్నాం, స్తంభాలు నిలబెట్టేదాకా అయిదు రోజులు ఆగమన్నాడు. ఆమె కుదరదంది. భటులు వచ్చి గుహ ముందు కూర్చున్నారు. వాళ్లు వాగు నీళ్లు తాగి వచ్చినవాళ్లు, కూర్చుంటే కూర్చునే ఉంటారు. గంగసాని కడవ మీద కడవ మోస్తూనే ఉంది. అయిదు రోజులు గడిచి ఆమె చెయ్యి వేసినప్పుడు అవతలి చెయ్యి దూదిలా తేలిగ్గా ఉంది. తన చేతిని అంత తేలిక చేసుకోవడానికి ఆమె మరి మూడు కడవలు మోయాల్సి వచ్చింది.

మూడోసారి ఆమెనే సభకు పిలిపించారు. ఇకమీదట పోయే రోజులంటూ ఉండరాదని రాజాజ్ఞ అన్నారు. గంగసాని నిలబడలేక నేల మీద కూర్చునే జవాబు చెప్పింది.

"మహారాజా, ఆ చివర ఒక మనిషి ఉంది. ఆ చెయ్యి బరువు తగ్గుతోంది. ఈసారి తిప్పకపోతే అది ఇంక రాదు."

"ఆ మనిషిని నువ్వు చూశావా అవ్వా?" అని రాజు అడిగాడు.

"చూడలేదు."

సభలో అందరూ ఒకరి ముఖాలొకరు చూసుకున్నారు. అప్పుడు బుద్ధిసాగరుడు లేచాడు. పేరులో సాగరమంత బుద్ధి ఉంది కాబట్టి వేరేచోట ఉండక్కర్లేదనుకున్నాడో ఏమో. లోపం తూములో లేదు ప్రభూ, కావలిలో ఉందన్నాడు. అలిసిపోయే మనిషిని కావలి పెడితే, అలిసిపోయినప్పుడల్లా చక్రం తిప్పాలంటుంది. అలుపన్నది ఎరగనివాణ్ణి పెడితే తిప్పే అవసరమే రాదు. ఇక చక్రం వేడెక్కుతుందన్న బెంగ ఒకటి ఉంది కదా, దానికి ముసలివాళ్ల చేత కడవలు మోయించడమేమిటి, గుహ పైన ఒక రాతి తొట్టి కట్టి వాననీళ్లు బొట్టు బొట్టుగా చక్రం మీద పడేట్టు చేస్తే సరి అన్నాడు.

సభ మెచ్చుకుంది. ఆ మాటల్లో తప్పు పట్టడానికి నాకే కాసేపు పట్టింది, వాళ్లను అనడమెందుకు.

కొత్త కావలిగా భుజంగమల్లు అనే వస్తాదును పెట్టారు. మంచివాడే. పాలవాగు నీళ్లు రోజుకు రెండు కుండలు తాగేవాడు. గంగసానికి రాజు శాలువా కప్పి, వాగు ఒడ్డున ఒక ఇల్లు, మెత్తని పరుపు ఇచ్చి, ఇన్నాళ్లు కష్టపడ్డావు అవ్వా, ఇక విశ్రాంతి తీసుకో అన్నాడు. నిజంగా మనసులోంచే అన్నాడు.

ఆ ఇంట్లో ఒక కుండ నిండా వాగు నీళ్లు పెట్టి ఉన్నాయి. గంగసాని చాలాసేపు దాని వంక చూసింది. నలభై ఏళ్లు ఉప్పునీళ్లు తాగిన నోరు. ఇప్పుడు తాను కావలి కాదు, కట్టుబాటు లేదు. ఒక చెంబు ముంచుకుని తాగింది. తియ్యగా ఉన్నాయి. ఇంకో చెంబు తాగింది. మోకాళ్లలో నొప్పి, నడుంలో నొప్పి, భుజం మీద కడవ ఒరుసుకున్న చోట ఉండే సలుపు, అన్నీ చెప్పా పెట్టకుండా వెళ్లిపోయాయి. ఆమె లేచి ఇల్లంతా కడిగింది. ముగ్గు వేసింది. పక్కింటివాళ్ల ముంగిట్లో కూడా వేసింది. మీరైతే తాగేవాళ్లు కాదా? నేనైతే కుండ ఖాళీ చేసేవాణ్ణి.

మూడో రోజు పొద్దున ఖాళీగా కూర్చుని, అవతలి మనిషి ఎలా ఉందో అనుకుంది. అలవాటుగా అరచెయ్యి చాచి ఆ చేతి బరువు గుర్తు చేసుకోబోయింది. గుర్తు రాలేదు. ఎంత బరువుండేది, ఏ పక్కకు ఒరిగేది, ఏదీ అందలేదు. నొప్పులతో పాటు అది కూడా వెళ్లిపోయింది. భర్త పోయినప్పుడు కూడా ఆమెకు అంత భయం వెయ్యలేదు.

కుండ తీసుకెళ్లి వీధిలో పారబోసింది. కడవ తీసుకుని ఉప్పునీటి బావికి నడిచింది. గుహలోకి ఆమెను రానివ్వరు, కాబట్టి ఆ నీళ్లు ఇంటికి మోసుకొచ్చి గుమ్మంలో పోసేది. మళ్లీ వెళ్లేది. వాగు పక్కనే పెట్టుకుని ఉప్పునీళ్లు మోసే ముసలిదాన్ని చూసి వీధి వీధంతా నవ్వింది. వారం గడిచాక మోకాళ్లలో నొప్పి తిరిగి వచ్చింది. నొప్పితో పాటు ఆ చెయ్యి కూడా గుర్తొచ్చింది. ఆమె గుమ్మంలో కూర్చుని ఏడ్చింది.

రాజ్యంలో అందరూ పని చేస్తూనే ఉన్నారు. మొదట్లో బాగుంది. తరువాత ఆపడం ఎవరికీ చేతకాలేదు. నేతపని చేసే చిన్నరంగడి మగ్గం మీద నూలు అయిపోయింది, అయినా అతను వట్టి మగ్గంలో నాడె ఆడిస్తూనే ఉన్నాడు. ఇద్దరు అన్నదమ్ములు గట్టు దగ్గర తగాదా మొదలుపెట్టి పదకొండు రోజులు ఆపకుండా తిట్టుకున్నారు. నోరు నొప్పి పుడితే ఎవరో ఒకరు తగ్గేవాళ్లే, పుట్టలేదు. పసిపిల్లలు నిద్రపోలేదు. తల్లులు జోల పాడుతూనే ఉన్నారు గానీ, ఎందుకు పాడుతున్నారో మరిచిపోయారు. ఏడంతస్తుల మేడ పదకొండు అంతస్తులైంది. మధ్యలో మెట్లు కట్టడం మరిచారు.

జయకీర్తి సభ ముగిసేది కాదు. ఎవరికీ లేవాలనిపించేది కాదు, ఆకలి వేస్తే అక్కడే తినేవాళ్లు. రాజుకు కంటి మీద కునుకు లేక ముప్పై రోజులు దాటింది. ఒంట్లో ఏ నొప్పీ లేదు. కానీ చూసిన ముఖమే చూసి, విన్న మాటే విని, లోపలెక్కడో ప్రాణం విసిగిపోయింది. పడుకుంటే రెప్పలు వాలవు. ఒకరోజు ఆయన సభ మధ్యలోంచి లేచి, ఒంటరిగా నడుచుకుంటూ వాగు ఒడ్డుకు వచ్చాడు.

గంగసాని కడవ దించుకుంటోంది. రాజు గుమ్మంలో నిలబడ్డాడు.

"అవ్వా, అలిసిపోవడం ఎలా? నాకు నేర్పు."

ఆమె ఆయన కళ్లలోకి చూసింది. జాలి వేసింది. అయినా అడగాల్సింది అడిగింది. గుహలోంచి వచ్చే గాలి ఎలా ఉందని అడిగింది. రాజుకు తెలియదు. ఇద్దరూ కొండెక్కారు. భుజంగమల్లును అడిగితే, గాలి బాగుందవ్వా, నాలుగు రోజుల నుంచి సన్నబడి చల్లగా వస్తోందని సంతోషంగా చెప్పాడు.

గంగసాని గోడ పట్టుకుంది. గాలి సన్నబడిందంటే అవతల పారడానికి ఇంక ఏమీ మిగల్లేదని. ఆ చెయ్యి ఉందో లేదో. ఉంటే ఇవాళో రేపో.

ఇప్పుడే తిప్పుదామన్నాడు రాజు. భుజంగమల్లు చక్రం పట్టుకుని తోశాడు. కొండ అదిరింది గానీ చక్రం కదల్లేదు, ఇంకా బిగిసింది. రెండోసారి రెండు వందల మంది భటులను రప్పించి మోకులు కట్టి లాగించారు. వాళ్లలో ఒక్కడికీ చెమట పట్టలేదు. చక్రం ఆకుల్లో ఒకటి వంగింది, చక్రం మాత్రం రాయిలా బిగుసుకుపోయింది. గంగసాని వాళ్లను ఆపమని బతిమాలింది. అవతల ఊపిరి మాత్రమే మిగిలిన మనిషి ఉంటే, ఇవతల ఇన్ని చేతుల బలానికి చక్రం ఎలా తిరుగుతుందని అడిగింది. అప్పటికి గానీ రాజుకు ఆ తూము సంగతి బోధపడలేదు. రాజ్యమంతా వెతికినా సరిపడినంత నీరసం ఉన్న చెయ్యి ఒక్కటి కూడా లేదు. ఆమెది కూడా చాలదు. ఆమె రోజూ మోసింది నాలుగైదు కడవలే.

చక్రం చివరిసారి తిరిగి ఆ రోజుకు నలభై మూడు రోజులు. కట్టుబాటు లెక్కన నలభై మూడు కడవలు. గంగసాని జీవితంలో ఒక రోజున పందొమ్మిదికి మించి మోయలేదు.

మర్నాడు తెల్లవారుతూనే ఆమె మొదలుపెట్టింది. తొంభై మెట్లు ఎక్కడం, చక్రం మీద పోయడం, దిగడం. రాజు మెట్ల మీద కూర్చున్నాడు. ఆయన ఏమీ చేయలేడు. ఒంటి నిండా వాగు నీళ్లు. పదో కడవ దాకా ఆమె మామూలుగానే నడిచింది. పందొమ్మిదో కడవకు మెట్టుకొకసారి ఆగింది. ఇరవై ఐదో కడవకు భుజంగమల్లు చూడలేక కిందికి పరుగెత్తి వచ్చి చేతులు చాచాడు.

"నేను మోస్తానవ్వా, ఇటివ్వు."

"నువ్వు మోస్తే నీళ్లు పైకి వస్తాయి నాయనా. అలసట రాదు" అంది ఆమె.

అతను పక్కకు తప్పుకున్నాడు. పెద్ద చేతులు ఏం చేసుకోవాలో తెలియక వెనక్కి కట్టుకుని ఏడ్చాడు.

ముప్పై ఒకటో కడవ నలభయ్యో మెట్టు మీద జారి పగిలిపోయింది. ఆమె కూడా పడింది. రాజు వచ్చి లేపబోయాడు. ఇక చాలు, నువ్వు చచ్చిపోతావు అన్నాడు.

"కడవల లెక్క తీర్చాలని కాదు మహారాజా. అక్కడి మనిషి ఎంత కిందికి దిగిపోయిందో, నేను అంత కిందికి దిగాలి."

ఇంకో కడవ తీసుకోలేదు. మిగతా యాభై మెట్లు చేతుల మీద, మోకాళ్ల మీద పాకింది. ఆమె గుహ చేరేసరికి పొద్దు వాలుతోంది. చక్రం పక్కన ఒరిగిపోయి, చెయ్యి ఎత్తి దాని మీద పెట్టింది. తోయలేదు. తోసే బలం లేదు. చెయ్యి అలా ఉంది, అంతే.

ఏమీ తగల్లేదు.

రాజు నేల మీద కూర్చుండిపోయాడు. చాలాసేపు గడిచింది. ఆమె కళ్లు మూసుకుంది గానీ చెయ్యి తియ్యలేదు.

అప్పుడు కంచులోంచి ఏదో తగిలింది. ఎండుటాకు వాలినంత బరువు. అది జారిపోయింది, మళ్లీ వచ్చింది. ఈసారి నిలిచింది. నూరు మోకులకు కదలని చక్రం ఆ రెండు నీరసపు చేతుల కింద, చప్పుడు లేకుండా, ఎడమకు తిరిగింది.

గాలి వెనక్కి మళ్లింది. భుజంగమల్లు ఉన్నచోటనే కూలబడి నిద్రపోయాడు. కింద ఊళ్లో మగ్గం ఆగింది. అన్నదమ్ములు మాట మధ్యలో గట్టు మీద చేరగిలబడ్డారు. పిల్లలు నిద్రపోయారు, జోల పాడుతున్న తల్లులూ నిద్రపోయారు. జయకీర్తికి మోకాళ్లలోంచి అలసట పైకి పాకింది. ముప్పై రోజుల అలసట ఒక్కసారిగా. ఆయనకు ప్రాణం లేచి వచ్చినట్టయింది.

తల తిప్పి చూస్తే గంగసాని ఏడుస్తోంది.

"ఎందుకవ్వా? తిరిగింది కదా. నీ నేస్తం చెయ్యి వచ్చింది కదా."

"ఇది ఆ చెయ్యి కాదు" అంది ఆమె. "వేరెవరిదో. చక్రం పట్టుకోవడం కూడా సరిగ్గా రాదు దీనికి."

రాజు చక్రం వంక చూశాడు. ఒక్క రోజే కదా అని తాను అడిగిన రోజు, అయిదు రోజులే కదా అని కబురు పంపిన రోజు, రాతికి అవతల ఎవరో ఒక మనిషి మెట్లు ఎక్కుతూనే ఉంది. ఎవరో, ఏమి పేరో ఇంక ఎప్పటికీ తెలియదు. ఆయన తన పాదాల మీద పడబోతే గంగసాని వద్దంది. క్షమించాల్సింది తాను కాదంది. మొదటి రోజు ఒప్పుకున్న పాపం తనకూ ఉందని చెప్పుకుంది.

ఆ కొత్త చెయ్యి మళ్లీ చక్రాన్ని కదిలించడానికి ఎనభై ఆరు రోజులు పట్టింది. అన్ని రోజులూ కంచుగిరి అరుగుల మీదే పడి ఉంది. సణుగుదామన్నా ఓపిక లేదు. బుద్ధిసాగరుడి రాతి తొట్టిని పగలగొట్టమని ఆజ్ఞ వేశారు, పగలగొట్టే ఓపిక ఎవరికీ లేక అలాగే ఉంచారు.

ఓపిక వచ్చాక జయకీర్తి ఒక కొత్త కట్టుబాటు పెట్టాడు. ఉప్పునీటి కడవ కావలి ఒక్కరే మోయరాదు. వచ్చే రోజుల్లో రోజుకొక ఇంటి నుంచి ఒక మనిషి, అయిదు రోజుల ముందు నుంచే వాగు నీళ్లు మాని, గంగసానితో పాటు కడవలెత్తుకుని తొంభై మెట్లు ఎక్కాలి. వరసలో మొదటి ఇల్లు కోట. ఆ రాజు తన వంతు రోజున కడవ నడుముకు పెట్టుకోవడం చేతగాక, మొదటి పది మెట్లలోనే సగం నీళ్లు ఒలకబోశాడు. వీధిలో ఎవరూ నవ్వలేదు. వాళ్ల వంతులూ రాబోతున్నాయి.

గంగసాని మాత్రం చక్రం దగ్గరే కూర్చునేది. కొత్త చెయ్యి తొందరపాటుది. ఎప్పుడు నిలకడ తెచ్చుకుంటుందో, ఎన్నేళ్లు పడుతుందో, అన్నేళ్లు తనకున్నాయో లేదో. చెయ్యి కలిపినప్పుడల్లా ఆమె తన అరచేతిని కాసేపు ఎక్కువ ఉంచేది, ఆ పోయిన మనిషి కోసం.

కథ అయిపోయింది పిల్లలూ, నేనూ కాస్త నడుం వాలుస్తాను. ఇందులో నీతి ఏమిటంటే: ఎదుటివాడి అలసట తెలియాలంటే మన ఒంట్లో కొంత అలసట మిగిలి ఉండాలి, అది మిగుల్చుకోని మనిషి చేతికి ఏ తూమూ అప్పగించకూడదు.